హైంజ్ మందు దొంగిలించవచ్చా? మన పిల్లల మంచిచెడులను ఎవరి కొలబద్దతో కొలుద్దాం

గౌతమి_మాస్టారు
నేను రాజమండ్రి దగ్గర ఒక హైస్కూల్లో సోషల్ చెబుతాను. మొన్న పదో తరగతికి ఒక పీరియడ్ ఖాళీ దొరికితే హైంజ్ కథ చెప్పాను. తెలియనివాళ్ల కోసం కథ ఇదీ. యూరప్‌లో ఒకావిడ క్యాన్సర్‌తో చావుబతుకుల్లో ఉంది. ఆమెను బతికించే మందు ఆ ఊరి మందుల షాపాయన దగ్గరే ఉంది. అందులో వేసే రేడియానికి ఆయనకు అయిన ఖర్చు 200 డాలర్లు, అమ్మేది 2,000కి. భర్త హైంజ్ ఎంత తిరిగినా 1,000 మించి పుట్టలేదు. తగ్గించమన్నాడు, మిగతాది తర్వాత ఇస్తానన్నాడు. షాపాయన ససేమిరా అన్నాడు. హైంజ్ రాత్రి షాపు పగలగొట్టి మందు ఎత్తుకొచ్చాడు. చేయొచ్చా, చేయకూడదా? ఎందుకు?

నేను ఊహించింది అవును, కాదు అని రెండు జట్లుగా విడిపోతారని. మొదటి బెంచీ అమ్మాయి లేచి, "ఆవిడ పుట్టింటివాళ్లు ఏమయ్యారు సార్?" అంది. వెనక నుంచి ఒకడు, "షాపాయన్ని ఊరి పెద్దలు పిలిచి అడగరా?" అన్నాడు. ఇంకొకడు, "ఈయన జైలుకెళితే మందు వేసుకున్నాక ఆవిణ్ణి చూసేదెవరు?" అన్నాడు. ఆస్తి హక్కు, ప్రాణం హక్కు అన్న ఊసు ఎవరూ ఎత్తలేదు. అందరూ మనుషుల గురించే అడిగారు.

మంచిచెడుల ఆలోచన ఆరు మెట్లుగా ఎదుగుతుందని చెప్పే కోల్‌బర్గ్ పట్టిక ఒకటి మేం బీఈడీలో చదివాం. దాని ప్రకారం ఈ జవాబులన్నీ మూడో మెట్టు దగ్గర, అంటే అయినవాళ్లు, చుట్టూ ఉన్నవాళ్లు ఏమనుకుంటారన్న దగ్గర ఆగిపోతాయి. పైన ఇంకా మూడు మెట్లున్నాయి. మా పిల్లలు నిజంగా వెనకబడి ఉన్నారంటే నాకు మనసొప్పడం లేదు. మనస్తత్వశాస్త్రం చదివినవాళ్లు, వేరే దేశాల్లో పిల్లల్ని పెంచుతున్నవాళ్లు కాస్త చెప్పండి.

పీజీ_సైకాలజీ
మాస్టారూ, నమస్కారం. ముందు ఆ పట్టిక ఎక్కడ పుట్టిందో చూద్దాం. లారెన్స్ కోల్‌బర్గ్ 1958లో షికాగో యూనివర్సిటీకి ఇచ్చిన పీహెచ్‌డీ సిద్ధాంత గ్రంథంలో దానికి పునాది ఉంది. అందులో 72 మంది, 10, 13, 16 ఏళ్లవాళ్లు. అందరూ షికాగో ప్రాంతపు మగపిల్లలే. అంతకుముందు 1932లో జెనీవాలో జాన్ పియాజె అనే మనస్తత్వవేత్త గోళీలాడే పిల్లల దగ్గర కూర్చుని, ఆట నియమాలు ఎవరు పెట్టారు, మార్చొచ్చా అని అడిగి పుస్తకం రాశాడు. కోల్‌బర్గ్ దాన్ని కౌమారం దాకా, పెద్దవయసు దాకా పొడిగించాడు.

చాలామందికి చెప్పని సంగతి ఒకటుంది. ఆ షికాగో పిల్లల్ని 20 ఏళ్లపాటు వెంటాడి మళ్లీ మళ్లీ ప్రశ్నించారు. పదహారేళ్లకు వాళ్లలోనూ ఎక్కువమంది మూడో మెట్టు చుట్టుపక్కలే ఉన్నారు. ఆరో మెట్టు, అంటే అందరికీ వర్తించే సూత్రాలను బట్టి ఆలోచించడం, ఎంత అరుదంటే, తర్వాత మార్కులు వేసే పద్ధతిలోంచి దాన్ని తీసేశారు. కాబట్టి మీ పిల్లలు ఎవరికన్నా వెనకబడిలేరు, ఆ బెంగ వద్దు.

ఇక మిగతా ప్రపంచం. 1985లో జాన్ స్నేరీ అప్పటిదాకా 27 దేశాల్లో జరిగిన 45 అధ్యయనాలను ఒకచోట చేర్చి చూశాడు. మొదటి నాలుగు మెట్లు దాదాపు అన్నిచోట్లా కనిపించాయి, వరస కూడా అదే. హక్కులు, సమాజపు ఒప్పందాల గురించి ఆలోచించే ఐదో మెట్టు మాత్రం పట్నాల్లో, మధ్యతరగతిలో కనిపించి, పల్లె సమాజాల్లో దాదాపు మాయమైంది. పల్లెవాళ్లకు ఆలోచన తక్కువని కొందరన్నారు. వాళ్ల ఆలోచన ఈ ప్రశ్నపత్రంలో పట్టడం లేదని స్నేరీ అన్నాడు. నేను స్నేరీ పక్షం. మన దేశంలోనే జ్యోత్స్న వాసుదేవ్, హమ్మెల్ 1987లో ప్రచురించిన అధ్యయనంలో ఇది స్పష్టంగా తెలుస్తుంది. పై మెట్ల ఆలోచన ఇక్కడా ఉంది. దాంతోపాటు పట్టికలో ఎక్కడా ఇమడని జవాబులూ వచ్చాయి. అహింస, సమస్త జీవుల ప్రాణం, ఒకడి పేదరికానికి సమాజమంతా బాధ్యత వహించడం లాంటివి. "ఊరి పెద్దలు అడగరా" అన్న మీ కుర్రాడు ఈ మూడోదానికి చాలా దగ్గరగా ఉన్నాడు.

అట్లాంటా_అమ్మ
నాకు ఈ చర్చ సరిగ్గా అవసరమైన టైంలో దొరికింది. మా అబ్బాయికి పద్నాలుగేళ్లు, పుట్టి పెరిగింది ఇక్కడే. స్కూల్లో సైన్స్ ప్రాజెక్టు వాడి ప్రాణ స్నేహితుడు ఇంటర్నెట్‌లోంచి ఉన్నదున్నట్టు దింపేశాడు. టీచర్ అడిగితే మావాడు నిజం చెప్పేశాడు. స్నేహితుడికి సున్నా వచ్చింది, వాళ్ల ఇంటికి ఉత్తరం వెళ్లింది.

ఆ సమయానికి మా నాన్నగారు గుంటూరు నుంచి వచ్చి ఉన్నారు. రాత్రి భోజనాల దగ్గర విషయం తెలిసి చేతిలో ముద్ద అలాగే పట్టుకుని, "స్నేహితుణ్ణి పట్టిచ్చావట్రా?" అన్నారు. వాడు, "తాతా, వాడు చేసింది మిగతావాళ్లకి అన్యాయం కదా" అన్నాడు. "అన్యాయమే. ముందు వాణ్ణి పక్కకి తీసుకెళ్లి నువ్వే టీచరుకి చెప్పుకోరా అనాలి. నలుగురిలో పరువు తీయకూడదు." ఇద్దరూ రెండు రోజులు సరిగ్గా మాట్లాడుకోలేదు. నాకు ఇద్దరిదీ సబబే అనిపిస్తోంది. ఎవర్ని సమర్థించాలో తెలియక టెన్షన్‌గా ఉంది.

పీజీ_సైకాలజీ
అట్లాంటా అక్కా, మీ ఇంట్లో జరిగింది చూస్తే జోన్ మిల్లర్, డేవిడ్ బెర్సాఫ్ 1992లో ప్రచురించిన అధ్యయనం గుర్తొచ్చింది. మైసూరులో కొందర్ని, అమెరికాలో న్యూ హేవెన్‌లో కొందర్ని అడిగారు. మూడో తరగతి, ఏడో తరగతి పిల్లలు, కాలేజీ వయసువాళ్లు.

ఒక కథ ఇది. బెన్ అనే అతను ప్రాణ స్నేహితుడి పెళ్లికి ఉంగరాలు పట్టుకెళ్లాలి. స్టేషన్లో పర్సు పోయింది, అందులోనే టికెట్టూ పోయింది. ఎవర్ని అడిగినా అప్పివ్వలేదు. బెంచీ మీద పక్కన కూర్చున్న పెద్దమనిషి కోటు వదిలి అటు వెళ్లాడు, జేబులోంచి అదే రైలు టికెట్టు బయటికి కనిపిస్తోంది. ఆయన దగ్గర ఇంకో టికెట్టు కొనుక్కునేంత డబ్బూ ఉంది. బెన్ ఆ టికెట్టు తీసుకోవాలా? న్యూ హేవెన్‌లో ఎక్కువమంది తీసుకోకూడదన్నారు, ఇతరుల సొత్తు తీయడం తప్పు కాబట్టి. మైసూరులో ఎక్కువమంది పెళ్లికి ఉంగరాలు చేర్చడమే ముఖ్యమన్నారు. మైసూరువాళ్లు దొంగతనాన్ని తేలిగ్గా తీసుకున్నారని దీనికి అర్థం కాదు. స్నేహితుడికి ఇచ్చిన మాట వాళ్ల లెక్కలో సొంత ఇష్టం కిందికి రాదు, అది కూడా నీతే. రెండు నీతుల మధ్య తూచినప్పుడు అది బరువు తూగింది.

వీళ్లే అంతకు రెండేళ్ల ముందు ఇంకో అధ్యయనం వేశారు. ప్రాణం మీదికొస్తే సాయం చేయడం బాధ్యత అని రెండు దేశాలవాళ్లూ అన్నారు. చిన్న చిన్న అవసరాల దగ్గరికొచ్చేసరికి అమెరికన్లలో చాలామంది అది వాళ్ల వాళ్ల ఇష్టం అన్నారు, మనవాళ్లు అప్పుడూ బాధ్యతే అన్నారు. మీ నాన్నగారు, మీ అబ్బాయి గొడవపడింది ఇక్కడే. ఇద్దరికీ నీతి ఉంది. స్నేహం ఎక్కడ నిలబడుతుందన్న దగ్గరే తేడా.

లెక్కల_లెక్చరర్
ఇంటర్ పిల్లలకి చాలా ఏళ్లుగా లెక్కలు చెబుతున్నాను. పరీక్ష హాల్లో పక్కవాడికి పేపర్ చూపించనివాణ్ణి మా పిల్లలు స్వార్థపరుడంటారు. పేపర్ లీక్ చేసి అమ్మినవాణ్ణి మాత్రం దొంగ అంటారు. ఈ గీత వాళ్లు చాలా కచ్చితంగా గీసుకుంటారు. చూపించడం తప్పని నేను ఎన్నిసార్లు చెప్పినా వింటారు, తలూపుతారు, మళ్లీ చూపిస్తారు.

ఒక్క మాట మాత్రం గట్టిగా చెప్పాలనుంది. ఉదయం ఐదింటి నుంచి రాత్రి పదకొండు దాకా స్టడీ అవర్లలో కూర్చోబెట్టి, ర్యాంకుల వారీగా సెక్షన్లు మార్చి, పక్కవాడు తగ్గితేనే నువ్వు పైకొస్తావని రోజూ చెప్పే చోట పిల్లాడికి మంచిచెడు ఆలోచించే వ్యవధి ఎప్పుడు దొరుకుతుంది? ఆ చూపించడంలో ఉన్న సాటితనం అయినా మిగిలినందుకు నాకు ఒక్కోసారి ఊరటగా ఉంటుంది.

ఓరుగల్లు_వకీలు
అందరికీ నమస్తే. మైసూరు మాట విని మురిసిపోయే ముందు భువనేశ్వర్ సంగతి కూడా చూడండి.

1987లో రిచర్డ్ ష్వేడర్, మనమోహన్ మహాపాత్ర, జోన్ మిల్లర్ ప్రచురించిన అధ్యయనం. భువనేశ్వర్ పాత గుడి ప్రాంతంలో బ్రాహ్మణ పిల్లలు, పెద్దలు, అక్కడే అంటరానివాళ్లుగా చూడబడ్డవాళ్లు, ఇటు షికాగోవాళ్లు. 39 సంఘటనలు చెప్పి ఏది ఎంత తప్పో అడిగారు. తండ్రి చనిపోయిన మర్నాడే పెద్దకొడుకు క్షవరం చేయించుకుని కోడికూర తినడం భువనేశ్వర్ పిల్లలకు అన్నిటికన్నా ఘోరమైన వాటిలో ఒకటి. షికాగో పిల్లలకు అందులో తప్పేముందో అర్థం కాలేదు. ఇంతవరకు అందరూ ఆసక్తిగా చదువుతారు. అదే పట్టికలో ఇంకొకటి ఉంది. చెప్పకుండా ఒంటరిగా సినిమాకు పోయిన పెళ్లాన్ని మొగుడు ఒళ్లు కమిలేలా కొట్టాడు. షికాగోవాళ్లు తప్పన్నారు. భువనేశ్వర్ బ్రాహ్మణులు తప్పు లేదన్నారు.

ఇప్పుడు చెప్పండి, దీన్ని కూడా వాళ్ల సంస్కృతి అని వదిలేద్దామా? దెబ్బలు తిన్నావిడను పక్కకు కూర్చోబెట్టి అడిగితే ఏమంటుంది? ఆ పని కొంత సెసీలియా వైన్‌రిబ్, ఎలియట్ ట్యూరియెల్ 1994లో చేశారు. ఉత్తర ఇజ్రాయెల్‌లోని ద్రూజ్ అనే మతవర్గపు అరబ్ సమాజంలో, ఇంట్లో మగవాళ్ల పెత్తనం గట్టిగా ఉన్నచోట, కౌమారంలో ఉన్నవాళ్లనూ పెద్దలనూ అడిగారు. ఆడవాళ్లలో చాలామంది మొగుడి మాట, తండ్రి మాట వినాల్సిందే అన్నారు. ఎందుకంటే వినకపోతే జరిగేదానికి భయం. అది న్యాయమేనా అంటే, కాదన్నారు. పైకి లోబడటం చూసి మనసులోనూ ఒప్పుకున్నారనుకుంటే మోసపోతాం.

మా దిక్కు చిన్నప్పుడు హోటల్లో రెండు గ్లాసులు ఉండేవి. కొందరికి గాజు గ్లాసు, కొందరికి బయట గూట్లో పెట్టిన వేరే గ్లాసు, తాగి వాళ్లే కడిగి పెట్టాలి. నాకు పన్నెండు పదమూడేళ్లప్పుడు, మా పొలంలో పనిచేసే ఆయన ఆ గ్లాసు కడుగుతుంటే, నాకేమో లోపలికి టీ తెచ్చిచ్చారు. ఇంటికొచ్చి అడిగితే మా నాయన "అది ఆచారం రా" అన్నడు. నాకు అప్పుడు ఏ పుస్తకమూ తెలియదు, ఐదో మెట్టూ తెలియదు. ఇది తప్పు అని మాత్రం తెలుసు. ఆ వయసులో పిల్లలు అడిగే ప్రశ్న పరాయి దేశం నుంచి రాదు. మన ఇంట్లోనే, మన అన్నం తింటూనే పుడుతుంది. దాన్ని నొక్కేసేది కూడా మనమే.

గౌతమి_మాస్టారు
వకీలుగారూ, మీరు చెప్పింది చదివాక చాలాసేపు ఇంకేం రాయబుద్ధి కాలేదు. మా స్కూల్లో మధ్యాహ్న భోజనం దగ్గర ఎవరు ఎవరి పక్కన కూర్చుంటున్నారో చూస్తే మీ ప్రశ్న ఇంకా పాతబడలేదు. అయితే ఒక సందేహం. పిల్లలకు పుట్టిల్లు, ఊరు అన్న ఆలోచన మంచిదే అని పైన అన్నారు. ఆ ఊరే ఇలా ఉంటే?

ఓరుగల్లు_వకీలు
మాస్టారూ, నా ఉద్దేశం సూటిగా చెప్తా. బాధ్యతను నీతిగా చూడటం ఏ రకంగానూ తక్కువ మెట్టు కాదు. ఆ బాధ్యత ఎప్పుడూ ఒకే వైపు, అంటే కింది నుంచి పైకే మోస్తున్నప్పుడు దాన్ని ప్రశ్నించే హక్కు ఆ మోసే పిల్లకు ఉండాలి. ఆడపిల్ల తమ్ముడి కోసం బడి మానేయడం బాధ్యత అంటారు. తమ్ముడు అక్క కోసం మానేయడం బాధ్యత అని ఎవరూ అనరు. ఆ తేడాను మొదట పట్టేది పన్నెండేళ్ల అక్కే.

ఇంకో సంగతి. ఇదంతా తూర్పు, పడమర గొడవ మాత్రమే కాదు. 1993లో జోనథన్ హైట్, మరో ఇద్దరు పరిశోధకులు బ్రెజిల్‌లోని రెసీఫి, పోర్టో అలెగ్రీలో, అమెరికాలోని ఫిలడెల్ఫియాలో అడిగారు. ఎవరికీ హాని చేయని, వింటే ఏవగింపు పుట్టించే పనులు, జాతీయ జెండా గుడ్డతో బాత్రూం తుడవడం లాంటివి. జవాబుల్లో దేశాల మధ్య తేడా కన్నా ఉన్నవాళ్లకూ లేనివాళ్లకూ మధ్య తేడా ఎక్కువగా తేలింది. బ్రెజిల్ కలవారి జవాబులు సొంత ఊరి పేదల జవాబుల కన్నా ఫిలడెల్ఫియా కలవారి జవాబులకే దగ్గర. హైదరాబాద్‌లో ఒక గేటెడ్ కమ్యూనిటీ పిల్లాడినీ, ఆ గేటు దగ్గర కాపలా కాసేవాళ్ల పిల్లాడినీ అడిగితే ఏం తేలుతుందో ఊహించండి.

నగోయా_తెలుగు
జపాన్ నుంచి రాస్తున్నాను. ఇక్కడ నీతి ఒక సబ్జెక్టు. దొతోకు అంటారు. ఇదివరకు వారానికో గంట ఉండేది, అంత పట్టించుకునేవారు కాదు. 2011లో ఓత్సు నగరంలో తోటివాళ్ల వేధింపులు భరించలేక ఒక మిడిల్ స్కూల్ అబ్బాయి ప్రాణం తీసుకున్నాడు. దేశమంతా కదిలిపోయింది. 2013లో వేధింపుల నివారణ చట్టం వచ్చింది. ప్రాథమిక బడుల్లో 2018 నుంచి, మిడిల్ స్కూళ్లలో 2019 నుంచి దొతోకును ప్రత్యేక సబ్జెక్టు చేశారు. పాఠ్యపుస్తకం ఉంది, కానీ మార్కులు, ర్యాంకులు లేవు. పిల్లలో వచ్చిన ఎదుగుదలను టీచరు మాటల్లో రాసిస్తారు.

మా అమ్మాయి మిడిల్ స్కూల్లో ఉంది. ఒక కథ చదువుతారు, అందులో ఎవరికి ఏమనిపించి ఉంటుందో మాట్లాడతారు. క్లాసు తుడవడం, అన్నం వడ్డించడం పిల్లల వంతే. ఇది నాకు చాలా నచ్చింది. నచ్చనిది కూడా ఉంది. అందరి మనసూ గమనించడం నేర్చిన పిల్లలు, అందరూ కలిసి ఒకర్ని దూరం పెట్టినప్పుడు నోరు విప్పడం లేదు. గమనిస్తారు, అర్థమవుతుంది, ఊరుకుంటారు. మా అమ్మాయి ఒకసారి, "నేను మాట్లాడితే తర్వాత వంతు నాదే నాన్నా" అంది. ఏం చెప్పాలో నాకు తోచలేదు.

అబద్ధం గురించి కూడా ఒకటి చెప్పాలి. 1997లో కాంగ్ లీ బృందం చైనా, కెనడా పిల్లలకు ఒక కథ చెప్పింది. ఒకడు ఎవరూ చూడకుండా మంచి పని చేశాడు, టీచర్ అడిగితే నేను కాదన్నాడు. కెనడా పిల్లలు అబద్ధం అబద్ధమే అన్నారు. చైనా పిల్లల్లో ఏడేళ్ల నుంచి పదకొండేళ్లకు వచ్చేకొద్దీ ఆ అబద్ధం మంచిదన్నవాళ్లు పెరిగారు. గొప్ప చెప్పుకోకూడదని బడిలో నేర్పుతారు కాబట్టి. తప్పు చేసి దాచే అబద్ధాన్ని మాత్రం రెండుచోట్లా తప్పే అన్నారు.

పీజీ_సైకాలజీ
నగోయా అన్నా, పంపకాల గురించి కూడా ఇలాంటిదే ఒకటుంది. 2015లో వచ్చింది. కెనడా, అమెరికా, మెక్సికో, పెరూ, సెనెగల్, ఉగాండా, ఇండియా. 4 నుంచి 15 ఏళ్ల పిల్లలు ఇద్దరిద్దరు ఎదురెదురుగా కూర్చుంటారు. తినుబండారాల పంపకం ముందే చేసి ఉంటుంది. ఒకరి చేతిలో రెండు పిడులు. ఒకటి లాగితే ఎవరి వాటా వాళ్లకు, ఇంకోటి లాగితే ఇద్దరికీ ఏమీ ఉండదు. తనకు తక్కువ వచ్చినప్పుడు వద్దనడం ఏడు దేశాల్లోనూ కనిపించింది. తనకే ఎక్కువ వచ్చినప్పుడు కూడా వద్దనడం అమెరికా, కెనడా, ఉగాండాల్లో పెద్దపిల్లల్లో మాత్రమే కనిపించింది.

దీన్ని చదివి మన పిల్లలకు న్యాయబుద్ధి లేదని తేల్చేయకూడదని నా అభిప్రాయం. అక్కడ న్యాయం చూపించాలంటే తిండి పారేయాలి. తన వాటాలోంచి తీసి పక్కవాడికి పెట్టే వీలు లేదు. కలిసి తినే ఇంట్లో పెరిగిన పిల్లకు ఆ పిడి లాగడమే తప్పుగా అనిపించి ఉండొచ్చు. ఇది నేను అనుకుంటున్నది మాత్రమే.

అట్లాంటా_అమ్మ
మాయింట్లో ఏమైందో చెబుతాను. నాన్నగారిని, వాణ్ణి కూర్చోబెట్టి ఒకే ప్రశ్న అడిగాను, ఆ స్నేహితుడికి ఇప్పుడు ఏం కావాలి అని. మావాడు చాలాసేపు ఆలోచించి, "వాడితో లంచ్‌కి ఎవరూ కూర్చోవట్లేదు" అన్నాడు. నాన్నగారు, "మరి నువ్వు కూర్చున్నావా?" అన్నారు. మర్నాడు కూర్చున్నాడట. టీచరుకు నిజం చెప్పినందుకు వాడు ఇప్పటికీ బాధపడటం లేదు, నేనూ బాధపడమనలేదు. అయితే చెప్పాక స్నేహితుడి పట్ల తన పని అయిపోలేదని వాడికి అర్థమైంది. కెరొల్ గిలిగన్ అనే ఆవిడ 1982లో ఈ మెట్ల పద్ధతిని తప్పుపడుతూ, ఎవరికి నొప్పి కలుగుతోంది, ఎవర్ని చూసుకోవాలి అన్న ఆలోచన కూడా నీతేనని రాసిందని ఇక్కడి కౌన్సెలర్ చెప్పారు. మా నాన్నగారు ఆవిడ పేరు వినలేదు, కానీ అదే మాట అన్నారు.

ఖమ్మం_చెల్లి
అక్కా, అన్నలూ, నాదొక అర్జంటు సమస్య. మా అబ్బాయి తొమ్మిదో తరగతి. వాళ్ల క్లాసు మగపిల్లల వాట్సాప్ గ్రూపులో ఒకడు క్లాసులో అమ్మాయి ఫొటో మార్ఫింగ్ చేసి పెట్టాడు. మావాడు పెట్టలేదు, ఎవరికీ పంపలేదు. కానీ చూశాడు, వారం రోజులు ఎవరికీ చెప్పలేదు. నిన్న ఫోన్‌లో నాకు కనబడింది. అడిగితే, "చెబితే ఫ్రెండ్స్ దగ్గర ద్రోహి అవుతా అమ్మా" అని ఏడ్చాడు. ఆ అమ్మాయికి ఇంకా తెలియదనుకుంటా. ఏం చేయాలి?

లెక్కల_లెక్చరర్
అమ్మా, పైన సాటితనం గురించి నేను రాసింది ఇలాంటి దానికి వర్తించదు. స్నేహితుడికి లెక్క చూపించడం వేరు, ఒక పిల్ల బతుకుతో ఆడుకునేవాణ్ణి కాపాడటం వేరు. మీవాడికి ఈ తేడా తెలుసు, అందుకే ఏడ్చాడు. తిట్టకండి.

నగోయా_తెలుగు
చెల్లెమ్మా, మా అమ్మాయికి నేను చెప్పలేకపోయింది మీ అబ్బాయికి చెప్పండి. వాడు ఒంటరిగా నిలబడాల్సిన పని లేదని, మీరు పక్కన ఉన్నారని ముందు తెలియాలి.

ఓరుగల్లు_వకీలు
చెల్లె, ఆలస్యం చేయకు. ఆ ఫొటోను ఎవరికీ పంపకు, రుజువు కోసమని కూడా పంపకు. ఫోన్ అలాగే పక్కన పెట్టు, చాట్ డిలీట్ చేయొద్దు. ఈ రోజే ఆ అమ్మాయి తల్లిని నువ్వు స్వయంగా కలిసి చెప్పు, ఫోన్లో కాదు. తర్వాత ఏం చేయాలో ఆ అమ్మాయీ వాళ్లింటివాళ్లూ చెప్పింది ముందు విను. బడిలో చెప్పేటప్పుడు హెడ్‌మాస్టర్‌కు రాతపూర్వకంగా ఇవ్వండి, కాపీ ఉంచుకోండి. 1098 చైల్డ్‌లైన్‌కు ఫోన్ చేస్తే ఇద్దరు పిల్లలకూ ఏం చేయాలో చెప్తారు. పద్దెనిమిది లోపు ఆడపిల్ల ఫొటో కాబట్టి పోక్సో చట్టం కూడా వర్తించొచ్చు. కేసు పోలీసుల దాకా పోతే, చేసినవాడు కూడా మైనరే కనుక బాలల న్యాయ మండలి చూస్తుంది. మీ అబ్బాయి తను చూసింది చూసినట్టు చెప్పాల్సి వస్తుంది, దానికి వాణ్ణి సిద్ధం చెయ్. కాగితాలు రాయడానికి సాయం కావాలంటే నాకు ఇక్కడే ప్రైవేట్ మెసేజ్ పెట్టు. సాయంత్రం ఆరు తర్వాత ఖాళీగా ఉంటా.